తెలుగు పాప్ పంక్ బ్యాండ్: జామ్ రూమ్ నుంచి పెద్ద స్టేజీకి ఏ వరసలో వెళ్లాలి? (చేతిలో లేబుల్ కాంట్రాక్టు ఉంది)

నాలుగోతీగ:
బెంగళూరులో నలుగురు తెలుగువాళ్ల బ్యాండ్ మాది. రెండు గిటార్లు, బేస్, డ్రమ్స్. పాటలన్నీ తెలుగులోనే, పాప్ పంక్ (పంక్ రాక్ వేగం, పాప్ బాణీలు). అయిదు పాటల ఈపీ ఒకటి స్పాటిఫైలో ఉంది. షోకి 60 నుంచి 80 మంది వస్తారు, సగం మందికి పాటలు నోటికొచ్చు. ఇప్పుడో లేబుల్ (రికార్డు కంపెనీ) మూడు ఆల్బమ్‌లకి కాంట్రాక్టు పంపింది: అడ్వాన్స్ 6 లక్షలు, మా వాటా 20 శాతం. ఇద్దరం సంతకం పెట్టేద్దామంటున్నాం, ఇద్దరు ఆగుదామంటున్నారు.

గ్రీన్ డే, బ్లింక్-182 లాంటివాళ్లు పైకొచ్చినప్పుడు ఏది ముందు జరిగింది, ఏది తర్వాత? రికార్డింగ్‌లో ఏం మార్చుకోవాలి? కాంట్రాక్టులో ఏం చూడాలి? "కష్టపడండి, అదే వస్తుంది" అనే జవాబులు మాత్రం వద్దు ప్లీజ్.

గిల్మన్‌గోడ:
లేబుల్ వచ్చి ఎత్తుకెళ్లి పైన కూర్చోబెట్టింది అన్నది తర్వాత అల్లిన కథ బ్రో. వరస చూడండి.

గ్రీన్ డే 1987లో స్వీట్ చిల్డ్రన్ అన్న పేరుతో మొదలైంది. బర్కిలీలో 924 గిల్మన్ స్ట్రీట్ అని ఒక హాలుంది. వాలంటీర్లు నడుపుతారు, మందు అమ్మరు, ఏ వయసువాళ్లయినా లోపలికి రావచ్చు. వీళ్లకి జనం పోగయింది అక్కడే. లుకౌట్ అనే చిన్న లేబుల్ మీద 1990లో మొదటి ఆల్బమ్, ఆ తర్వాత కర్‌ప్లంక్. డ్రమ్మర్ ట్రే కూల్ వాళ్ల నాన్న పాత సంచార గ్రంథాలయం బండిని బాగుచేయించి, తనే నడుపుతూ ఊరూరా తిప్పాడు. రిప్రైజ్ అనే పెద్ద లేబుల్‌తో సంతకం 1993లో. అక్కడ మొదటి ఆల్బమ్ డూకీ వచ్చింది 1994 ఫిబ్రవరి 1న. ఆగస్టులో ఉడ్‌స్టాక్ సంగీతోత్సవంలో జనం బురద విసిరితే వీళ్లూ తిరిగి విసిరారు, టీవీ అంతా అదే. 1995లో గ్రామీ. అంటే పెద్ద లేబుల్ గడప తొక్కేనాటికే ఆరేళ్ల షోలు, రెండు ఆల్బమ్‌లు, ఊరూరా తెలిసిన ముఖాలు ఉన్నాయి. రిప్రైజ్ చేసింది ఆ జనాన్ని పదింతలు, వందింతలు చేయడం. సున్నాని ఎన్ని రెట్లు చేసినా సున్నానే కదా.

పెద్ద లేబుల్‌కి వెళ్లిన బ్యాండ్లని రానివ్వకూడదన్నది గిల్మన్ నియమం. అందుకే వీళ్లకీ తలుపులు మూసుకున్నాయి. మళ్లీ అక్కడ వాయించింది 2015లో.

అదే 1994లో వచ్చిన ఆఫ్‌స్ప్రింగ్ వాళ్ల స్మాష్ ఆల్బమ్ ఎపిటాఫ్ అనే స్వతంత్ర లేబుల్ మీదే కోటి కాపీలు దాటింది. ఆ లేబుల్ యజమాని బ్రెట్ గురెవిట్జ్, బ్యాడ్ రెలిజియన్ గిటారిస్టు. కాబట్టి పెద్ద లేబుల్ తప్పనిసరేం కాదు. ఇంకోవైపు జాబ్రేకర్‌ని చూడండి. పెద్ద లేబుల్‌కి వెళ్లబోమని చెప్పుకున్న బ్యాండ్. 1995లో డియర్ యూ తీసింది అలాంటి లేబుల్‌తోనే. నిర్మాత రాబ్ కవాలో, అంటే డూకీ చేసినాయనే. పాత అభిమానులు షోల్లో వీపు తిప్పుకున్నారు, కొత్తవాళ్లు రాలేదు, 1996లో బ్యాండ్ విడిపోయింది. నిర్మాత ఒకరే, ఫలితాలు రెండు. సౌండ్ నునుపు చేసేస్తే చాలనుకునేవాళ్లు దీన్ని గుర్తుపెట్టుకోవాలి.

ఇక బెంగళూరు సంగతి. పాప్ పంక్‌కి ప్రాణం 16 నుంచి 20 ఏళ్ల పిల్లలు. ఇక్కడ షోలన్నీ పబ్బుల్లో. 21 నిండనివాళ్లని గుమ్మం దగ్గరే ఆపేస్తారు. మీ పాట ఎవరి కోసమో వాళ్లని బయట నిలబెట్టి, లోపల బీరు తాగే ఐటీ అన్నలకి వినిపిస్తున్నారు. మీకు ముందు కావాల్సింది లేబుల్ కాదు, ఇంటర్ చదివే కుర్రాడు కూడా రాగలిగే హాలు.

క్లాజ్12:
చరిత్ర పైన ఉంది, నేను కాగితాల దగ్గరికి వస్తా. ఇది సలహా మాత్రమే, సంతకానికి ముందు కాపీరైట్ చూసే లాయర్‌తో ఒకసారి చదివించండి.

6 లక్షల అడ్వాన్స్ బహుమతి కాదు, మీ వాటాలోంచి తీర్చాల్సిన బాకీ. మీ వాటా 20 శాతం కాబట్టి ఆల్బమ్ మీద లేబుల్‌కి 30 లక్షలు వస్తేగాని మీ 6 లక్షలు తీరవు. వీడియోకి 4 లక్షలు ఖర్చుపెట్టి అదీ మీ ఖాతాలోనే రాస్తే తీరాల్సింది 10 లక్షలు, రావాల్సింది 50 లక్షలు. అప్పటిదాకా మీ చేతికి రూపాయి రాదు. ఏ ఖర్చులు మీ ఖాతాలో రాస్తారో జాబితా అడగండి. 50 వేలు దాటిన ఏ ఖర్చుకైనా మీ రాతపూర్వక అనుమతి కావాలని వాక్యం పెట్టించండి.

మూడు ఆల్బమ్‌ల మాట దగ్గర జాగ్రత్త. మామూలుగా ఒకటి ఖాయం, మిగతా రెండూ లేబుల్ ఇష్టం. వాళ్లకి నచ్చకపోతే వదిలేస్తారు, నచ్చితే మీరు వదల్లేరు. మొదటి ఆల్బమ్ విడుదలైన ఆరు నెలల్లో రెండోదాని సంగతి చెప్పకపోతే మీరు స్వేచ్ఛగా వెళ్లిపోవచ్చు అని గడువు రాయించండి. మొదటి ఆల్బమ్ బాకీని రెండోదాని ఆదాయంలోంచి కోసుకోకూడదని కూడా రాయించాలి. ఈ ఒక్క లైను లేక ఏళ్ల తరబడి సున్నా స్టేట్‌మెంట్లు చూసేవాళ్లు చాలామంది.

హక్కులు రెండు రకాలు, కలిపేయకండి. మాటలూ బాణీ ఒకటి, రికార్డింగ్ ఇంకొకటి. లేబుల్‌కి మామూలుగా కావాల్సింది రికార్డింగ్. "సమస్త హక్కులు" అని రాసి ఉంటే మాటలూ బాణీ కూడా పోతాయి. 2012లో కాపీరైట్ చట్టం సవరించాక రచయిత, స్వరకర్త రాయల్టీలో సమాన వాటా వదులుకోవడం కుదరదు, వదులుకున్నామని రాసినా చెల్లదు. గడువు రాయకపోతే చట్టం ప్రకారం అయిదేళ్లు అనుకోవాలి, ఏ దేశాలకో రాయకపోతే ఇండియా ఒక్కటే. కానీ లేబుళ్లకి ఇది బాగా తెలుసు, అందుకే "శాశ్వతంగా, విశ్వమంతటా" అని రాస్తారు. దాన్ని పదేళ్లకి దించండి. లెక్కలు ఇవ్వకపోతే హక్కులు వెనక్కి వచ్చేలా ఇంకో వాక్యం. గ్రీన్ డే 2005లో రాయల్టీ బాకీల మీదే తమ పాత ఆల్బమ్‌లని లుకౌట్ నుంచి వెనక్కి తీసుకుంది. స్నేహితుల లేబుల్ అయినా ఈ లైను ఉండాల్సిందే.

మధ్యే మార్గం కూడా ఉంది. ఫాల్ అవుట్ బాయ్ 2003 ఆల్బమ్‌ని ఫ్యూయెల్డ్ బై రామెన్ అనే చిన్న లేబుల్ మీదే వదిలింది, ఖర్చుకి డబ్బు ఇచ్చింది ఐలాండ్ అనే పెద్ద లేబుల్. బదులుగా ఐలాండ్‌కి తర్వాతి ఆల్బమ్ మీద హక్కు, అది 2005లో వాళ్ల దగ్గరే వచ్చింది. మీ లేబుల్‌ని కూడా ఒక్క ఆల్బమ్‌కి అడగండి. ఒప్పుకోకపోతే ఎందుకు ఒప్పుకోవట్లేదో మీకే అర్థమవుతుంది.

ఈ వారమే చేయాల్సినవి: పాటలు ఎవరివి ఎంత శాతమో నలుగురూ ఒక కాగితం మీద సంతకాలు పెట్టుకోండి, గొడవలు వచ్చాక ఇది కుదరదు. మాటలు రాసేవాళ్లు, బాణీ కట్టేవాళ్లు ఐపీఆర్‌ఎస్‌లో (పాటల రాయల్టీ వసూలు చేసి పంచే సంస్థ) చేరి ప్రతి పాటనీ ఆ శాతాలతోనే నమోదు చేయించండి. బ్యాండ్ పేరుకి 41వ తరగతిలో ట్రేడ్‌మార్క్ దరఖాస్తు పెట్టండి, వ్యక్తి పేరుతో ఆన్‌లైన్‌లో అయితే 4,500 రూపాయలు. టీషర్టులు అమ్ముతుంటే 25వ తరగతి కూడా. ఒక్కరి పేరు మీద పెడితే, పేరు అందరిదీ అని విడిగా రాసుకోవాలి. బ్లింక్ పక్కన 182 వచ్చింది ఐర్లండ్‌లో అదే పేరుతో ఇంకో బ్యాండ్ ఉండటం వల్లే, మర్చిపోకండి.

రూట్‌నోట్:
మీ ఈపీ వినలేదు, కానీ ఇక్కడ తయారయ్యే పాప్ పంక్ డెమోల్లో కనిపించే జబ్బులు దాదాపు ఒకటే కాబట్టి చెప్తున్నా.

గెయిన్ (ఆంప్‌లో డిస్టార్షన్ పెంచే నాబ్) ఎక్కువ. స్టేజీ మీద 7లో ఉంటే రికార్డింగ్‌లో 5 చాలు. రెండు ట్రాకులు కలిసేసరికి డిస్టార్షన్ అదే చిక్కబడుతుంది. 7లోనే తీస్తే పామ్ మ్యూట్ (అరచేతి అంచు తీగలకి ఆనించి వాయించడం) "చగ్ చగ్" అనకుండా "బర్ర్" అంటుంది. రిథమ్ గిటార్‌ని రెండుసార్లు విడివిడిగా వాయించి ఒకటి పూర్తి ఎడమకి, ఒకటి పూర్తి కుడికి పెట్టాలి. ఒకే టేక్‌ని కాపీ చేసి రెండువైపులా పెడితే అది మధ్యలోంచే వినిపిస్తుంది. కాపీని కొన్ని మిల్లీసెకన్లు జరిపితే వెడల్పు వస్తుంది, కానీ ఫోన్ స్పీకర్లో మోనో అయ్యేసరికి గిటార్ సగం మాయం. డ్రాప్ డీలో (కింది తీగని ఈ నుంచి డీకి దించిన శ్రుతిలో) వాయిస్తూ 10-46 మందం తీగలు వాడితే కింది తీగ వదులై, గట్టిగా కొట్టినప్పుడల్లా శ్రుతి పైకి పోతుంది. 10-52 వేయండి.

బేస్‌ని పిక్‌తోనే వాయించాలి, తీగలు కొత్తవి ఉండాలి. ట్రాక్‌ని రెండుగా చీల్చండి: 200 హెర్ట్జ్ కింద శుభ్రంగా, పైన డిస్టార్షన్. గిటార్లని 80-100 హెర్ట్జ్ దగ్గర కోసేయండి, ఆ చోటు బేస్‌దీ కిక్‌దీ. కోరస్‌లో వినిపించే "గోడ" సగం బేసే, గిటార్ అనుకుని గిటార్లు పెంచుతూ పోతారు.

డ్రమ్స్ మంచి గదిలో తీయండి, మిగతావి ఇంట్లో తీసినా ఫరవాలేదు. డబ్బుంటే పెట్టాల్సింది డ్రమ్స్ మీదా, మిక్స్ మీదా. డూకీని మొదట మిక్స్ చేసింది నచ్చక మళ్లీ చేయించారు. అలా మళ్లీ చేసిన జెర్రీ ఫిన్ తర్వాత 1999లో బ్లింక్-182 వాళ్ల ఎనిమా ఆఫ్ ద స్టేట్‌కి నిర్మాత అయ్యాడు. రెండు బ్యాండ్లు పైకొచ్చిన రెండు ఆల్బమ్‌ల వెనకా అవే చెవులు.

కోరస్ ఎప్పుడొస్తోందో లెక్కపెట్టండి. 180 బీపీఎంలో (నిమిషానికి 180 బీట్లు) ఒక బార్, అంటే నాలుగు బీట్లు, 1.33 సెకన్లు. ఇంట్రో 8 బార్లు, చరణం 16, దాని తోక 4, మొత్తం 28 బార్లు. కోరస్ 37వ సెకనుకి వస్తుంది. అంతకంటే ఆలస్యమైతే ఇంట్రోని సగం చేయండి. గ్యాంగ్ వోకల్స్‌కి నలుగురైదుగురు మైక్‌కి మీటరు దూరంలో నిలబడి మూడు టేకులు ఇవ్వండి, ప్రతిసారీ చోట్లు మార్చుకోండి. ఇరవైమంది అరిచినట్టుంటుంది.

అప్‌లోడ్ సంగతి: స్పాటిఫై ప్లేలిస్ట్ ఎడిటర్లకి పాట పంపాలంటే విడుదలకి కనీసం 7 రోజుల ముందు పంపాలి, మూడు నాలుగు వారాలు పెట్టుకుంటే మేలు. లేబుల్‌కి మారినా, డిస్ట్రిబ్యూటర్‌ని మార్చినా పాత ఐఎస్ఆర్‌సీ కోడ్లే (ఒక్కో రికార్డింగ్‌కి ఉండే గుర్తింపు నంబర్లు) వాడమనండి. కొత్తవి ఇస్తే ఇప్పటిదాకా వచ్చిన స్ట్రీముల లెక్క కొత్త అప్‌లోడ్‌కి అంటుకోదు. 12 నెలల్లో 1,000 స్ట్రీములు దాటని పాటకి స్పాటిఫై 2024 నుంచి ఏమీ ఇవ్వట్లేదు, కాబట్టి పది పాటలు ఒకేసారి పడేయకండి.

నాలుగోతీగ:
క్లాజ్12 గారూ, 30 లక్షల లెక్క చూశాక మా డ్రమ్మర్ సంతకం మాట ఎత్తడం మానేశాడు :) రూట్‌నోట్ అన్నా, ఇంకోటి. స్పీడ్ పెంచితే తెలుగు మాటలు కుక్కి పెట్టినట్టు వినిపిస్తున్నాయి. ఇంగ్లిష్ కవర్లలో ఈ బాధ లేదు. "ఆగిపోయిన సిగ్నల్ దగ్గరా" అని ఒక లైను ఉంది, ఎంత పాడినా కాళ్లు తడబడినట్టే ఉంటుంది.

రూట్‌నోట్:
మాటల తప్పు కాదు, గురులఘువులు బీట్‌కి అడ్డం పడుతున్నాయి. బార్‌కి ఎనిమిది ఎయిత్ నోట్లు, అంటే ఎనిమిది మాత్రలు. లఘువు ఒకటి, గురువు రెండు. స్నేర్ (కిట్‌లో "టప్" మనే డ్రమ్) పడేది 3, 7 మాత్రల మీద. అక్కడా, బార్ మొదట్లోనూ ఒక అక్షరం మొదలవ్వాలి. గురువు మధ్యలో స్నేర్ పడిందా, తడబాటే.

మీ లైను రెండు బార్లకి సరిగ్గా 16 మాత్రలుంది. కానీ "సిగ్" మొదటి బార్ 8లో మొదలై రెండో బార్‌లోకి పొర్లింది, "నల్" రెండో బార్ 2, 3 మాత్రల్లో ఉంది, స్నేర్ దాని నడుం మీద పడుతోంది. మాటలు అటూఇటూ చేయండి: "సిగ్నల్ దగ్గర / ఆగిన బండీ". సిగ్ (1-2), నల్ (3-4), దగ్ (5-6), గ (7), ర (8). ఆ (1-2), గి (3), న (4), బం (5-6), డీ (7-8). అవే 16 మాత్రలు, ఒక్కటీ అడ్డం పడదు. చప్పట్లు కొడుతూ పాడి చూడండి, తేడా తెలుస్తుంది. ప్రాక్టీసులో ప్రతి లైనుకీ ఇలా గళ్లు గీసుకుంటే స్టూడియోలో గంటకి కట్టే డబ్బు మిగులుతుంది.

కోరస్ చివర ఎప్పుడూ దీర్ఘం పెట్టుకోండి, జనం అరవడానికి నోరు తెరుచుకోవాలి. చరణంలో పామ్ మ్యూట్ మీద "పోదాం, చూద్దాం" లాంటి సున్నా చివరలు చక్కగా తెగుతాయి.

కోరమంగళ_కేబుల్:
గిల్మన్‌గోడ చెప్పిన హాలు సంగతి నేను పూర్తి చేస్తా. ఒక్క దగ్గర మాత్రం ఒప్పుకోను: పబ్బుల్ని పూర్తిగా వదలకండి. వారం మధ్యలో ఇచ్చే స్లాట్ల మీద పరిచయాలు పెరుగుతాయి, మంచి పీఏ (హాలు సౌండ్ సిస్టమ్) మీద వాయించడం అలవాటవుతుంది. కానీ మీ సొంత షో మాత్రం ఆదివారం మధ్యాహ్నం, మందు లేని చోట. పెద్ద జామ్ రూమ్, డాన్స్ స్టూడియో, కాలేజీ సెమినార్ హాలు, ఏదైనా సరే. లౌడ్‌స్పీకర్‌కి రాత్రి 10 గంటల గీత ఎలాగూ ఉంది, 4 నుంచి 7 దాకా పెడితే పిల్లలు హాస్టల్ గేటు మూసేలోపు వెళ్లిపోతారు. టికెట్ పెడుతున్నప్పుడు స్థానిక పోలీస్ స్టేషన్ అనుమతి హాలువాళ్ల దగ్గర ముందే ఉందా, మీరు తెచ్చుకోవాలా అన్నది బుక్ చేసేముందే అడగండి. ఐపీఆర్‌ఎస్ లైసెన్సు కూడా. మీ పాటలే అయినా సెట్‌లిస్ట్ ఇవ్వండి, లేకపోతే ఆ డబ్బు మీ పాటలకి చేరదు.

మూడు బ్యాండ్లు, తలా 30 నిమిషాలు, మధ్యలో 15. డ్రమ్ కిట్, బేస్ ఆంప్ అందరికీ ఒకటే. స్నేర్, సింబల్స్, కిక్ పెడల్ ఎవరివి వాళ్లే తెచ్చుకోవాలి, విరిగేవి అవే. సౌండ్ చెక్ వెనక నుంచి ముందుకు: చివరి బ్యాండ్ మొదట, మొదటి బ్యాండ్ చివర, అప్పుడు మొదటివాళ్ల సామాను స్టేజీ మీదే ఉండిపోతుంది.

100 మంది గదికి 12 అంగుళాల టాప్స్ రెండు, 18 అంగుళాల సబ్ ఒకటి, 12 చానెళ్ల మిక్సర్ సరిపోతాయి. చిన్న గదిలో చెడేది ఎప్పుడూ గొంతే. 100 వాట్ల ట్యూబ్ ఆంప్ తెచ్చి వాల్యూమ్ ఒకటి మీద పెట్టి వాయిస్తే సౌండూ రాదు, చోటూ దండగ. 15 నుంచి 30 వాట్లు చాలు, కుర్చీ మీద పెట్టి చెవి వైపు వంచండి. స్నేర్ కంటే గిటార్ గట్టిగా ఉంటే మాటలు వినిపించవు. కార్డియాయిడ్ (ముందువైపు నుంచే ఎక్కువ వినే) మైక్‌కి మానిటర్, అంటే పాడేవాళ్లకి వినిపించే స్పీకర్, సరిగ్గా వెనక ఉండాలి, సూపర్ కార్డియాయిడ్‌కి కొంచెం పక్కలకి. మీ సింగర్ మైక్ జాలీని గుప్పిట్లో మూసి పాడే రకమైతే ఈ లెక్కలన్నీ పోతాయి, కీచుమంటుంది. వీడియోల్లో చూడ్డానికి బాగుంటుంది, మానిపించండి.

ఇంజినీర్‌కి ఒక కాగితం ఇవ్వండి: ఏ చానెల్లో ఏముంది, ఎవరు పాడతారు, ఏ పాటలో కోరస్ ఎవరు అందుకుంటారు. నలుగురూ పాడే బ్యాండ్లో ఇది లేకపోతే గ్యాంగ్ వోకల్స్ వచ్చేసరికి ఆ మైక్ ఫేడర్ (మిక్సర్ మీద వాల్యూమ్ మీట) కిందే ఉంటుంది.

తేదీలు చూసుకోండి గురూ. సంక్రాంతి వారం మారతహళ్లి, బీటీఎం పీజీలు ఖాళీ. ఉగాది, దసరా కూడా అంతే. తెలుగు బ్యాండ్‌కి ఆ వారాంతాల్లో బెంగళూరులో షో పెట్టడం దండగ, అప్పుడు మీరే ఊళ్లవైపు వెళ్లండి. తిరుపతి, విజయవాడ, వైజాగ్ కాలేజీ పిల్లలంతా ఇళ్ల దగ్గరే ఉంటారు. హైదరాబాద్‌లో బంజారాహిల్స్ లామకాన్ లాంటి చోటు మీకు కలిసొస్తుంది, మందు ఉండదు, టికెట్ తక్కువ, ఎవరైనా వస్తారు. చుట్టూ ఇళ్లు కాబట్టి అకూస్టిక్ సెట్ కట్టుకోండి.

టీషర్టులు తిరుప్పూర్ నుంచి 180 జీఎస్ఎం ప్లెయిన్‌వి తెప్పించి ఇక్కడ స్క్రీన్ ప్రింట్ వేయించండి. ఒకటే రంగు సిరా అయితే ఖర్చు బాగా తగ్గుతుంది. 50 వేయిస్తే ఎస్ 8, ఎం 16, ఎల్ 16, ఎక్స్ఎల్ 10. టేబుల్ గుమ్మం పక్కన పెట్టండి, స్టేజీ పక్కన కాదు, కొనేది వెళ్లేటప్పుడే. యూపీఐ క్యూఆర్ రెండు చోట్ల అంటించండి. టికెట్ తీసుకున్నప్పుడే ఫోన్ నంబరు, ఊరు రాసుకోండి. తర్వాత ఏ ఊళ్లో షో పెట్టాలో ఆ జాబితానే చెప్తుంది, లేబుల్ దగ్గర బేరానికి కూర్చున్నప్పుడు చూపించాల్సిందీ అదే.

నాలుగోతీగ:
చివరిగా ఒకటి. ఒక సినిమావాళ్లు మా పాటల్లో ఒకటి కాలేజీ సీనుకి కావాలని అడిగారు. తెలుగులో మెయిన్‌స్ట్రీమ్ అంటే సినిమానే కదా, లేబుల్ పక్కన పెట్టి అటు వెళ్లొచ్చా?

క్లాజ్12:
వెళ్లొచ్చు, కానీ అమ్మకండి, వాడుకోవడానికి అనుమతి ఇవ్వండి. మీ రికార్డింగే వాడతారా, వాళ్ల గాయకుడితో మళ్లీ పాడిస్తారా ముందే తేల్చుకోండి. మళ్లీ పాడిస్తే రికార్డింగ్ వాళ్లదవుతుంది, మాటలూ బాణీ మీవే ఉండాలి. కాగితంలో సినిమా పేరు, ట్రైలర్‌కి వాడొచ్చో లేదో, టైటిల్స్‌లో బ్యాండ్ పేరు, మీ పాత వెర్షన్ స్పాటిఫైలో అలాగే ఉంటుందన్న మాట, ఈ నాలుగూ ఉండాలి. ఆఖరిది లేకపోతే సినిమా ఆడియో కంపెనీ మీ పాట మీదే కాపీరైట్ ఫిర్యాదు పెట్టి దింపించే అవకాశం ఉంది. కొత్త పాట రాసివ్వమంటే లెక్క వేరు: సినిమా కోసం చేయించుకున్న పాటకి మామూలుగా నిర్మాతే మొదటి హక్కుదారు, మీకు రాయల్టీ వాటా మిగులుతుంది. అందుకే ఉన్న పాటే ఇవ్వండి. అంతకు ముందు లేబుల్ కాంట్రాక్టు మీద సంతకం పెట్టకండి, పెడితే ఈ అనుమతి ఇవ్వాల్సింది మీరు కాదు, వాళ్లు.